కూచిపూడి నుంచి వెండితెరకు: వేదాంతం రాఘవయ్య దర్శకత్వ ప్రస్థానం

ఉపోద్ఘాతం

తెలుగు సినిమా చరిత్రలో వేదాంతం రాఘవయ్య (1919–1971) ‘దేవదాసు’ దర్శకుడిగా సుప్రసిద్ధుడు. కూచిపూడి నాట్య చరిత్రలో ఆయన ప్రస్తావన తరచుగా సినిమాకు తరలిపోయిన కళాకారుల వరుసలోనే ముగుస్తుంది. ఈ రెండు చరిత్రలను వేర్వేరుగా చదవడం వల్ల ఆయన దర్శకత్వానికి ఆధారమైన అభినయ సంస్కారం మరుగున పడుతున్నది. ఆ సంబంధాన్ని పరిశీలించడమే ఈ వ్యాసం ఉద్దేశం.

నాట్య నేపథ్యం

రాఘవయ్య కూచిపూడి భాగవతుల కుటుంబంలో జన్మించారు. ఆ సంప్రదాయంలో నటుడు ఆడటంతో పాటు పాడాలి, మాట్లాడాలి; సూత్రధారుడు రంగం మీద ఉంటూనే కథను నడిపించాలి. కృష్ణా జిల్లాకే చెందిన గూడవల్లి రామబ్రహ్మం ‘రైతుబిడ్డ’ (1939)లో రాఘవయ్య చేత దశావతార శబ్దాన్ని ప్రదర్శింపజేశారు. జమీందారీ దోపిడీని ప్రశ్నించిన ఆ చిత్రం ద్వారా కూచిపూడి నాట్యం విస్తృత ప్రేక్షకలోకానికి చేరువైంది.

భాగస్వామ్యమే స్వాతంత్ర్యం

మద్రాసులో స్టూడియో అధిపతుల ప్రాబల్యం బలంగా ఉన్న కాలంలో డి.ఎల్. నారాయణ, సముద్రాల రాఘవాచార్య, సి.ఆర్. సుబ్బరామన్, రాఘవయ్య కలిసి వినోదా పిక్చర్స్‌ను స్థాపించారు. రచయిత, సంగీత దర్శకుడు, నాట్యాచార్యుడు నిర్మాణంలోనూ భాగస్వాములు కావడం దీని విశిష్టత. ఆయన దర్శకత్వంలో ‘స్త్రీ సాహసం’ (1951), ‘దేవదాసు’ (1953) ఈ సంస్థ నుంచే వెలువడ్డాయి. అనంతరం ‘అనార్కలి’ (1955), ‘సువర్ణసుందరి’ (1957) చిత్రాలను ఆయన అంజలీ పిక్చర్స్‌కు రూపొందించారు. అది కూడా నటి అంజలీదేవి, సంగీత దర్శకుడు ఆదినారాయణరావు దంపతుల సొంత సంస్థే.

‘దేవదాసు’లో అభినయం

శరత్ నవలను 1935లోనే న్యూ థియేటర్స్ పక్షాన పి.సి. బారువా తెరకెక్కించారు. రాఘవయ్య చిత్రం ప్రత్యేకత సాత్త్వికాభినయానికి ఇచ్చిన ప్రాధాన్యంలో ఉంది. మద్యం మత్తులో ఉన్న దేవదాసు దృశ్యాలను రాత్రివేళ చిత్రీకరించి, నిద్రలేమితో బరువెక్కిన అక్కినేని నాగేశ్వరరావు కనురెప్పలను అభినయంలో భాగం చేశారు. ఇక్కడ ఆంగికం తగ్గి, చూపు కథను మోస్తుంది. చంద్రముఖి ఘట్టంలో వినిపించే క్షేత్రయ్య పదం మరొక ఆధారం. క్షేత్రయ్యతో ముడిపడిన మొవ్వ కూచిపూడికి పొరుగూరే. పదాభినయం ఆ నాట్య సంప్రదాయంలో అంతర్భాగం. కలకత్తా కథలోని నర్తకి నోట ఆ పదం పలకడంతో పాత్ర తెలుగు నుడికారంలోకి వచ్చింది.

‘రహస్యం’: ఒక పునరాగమనం

‘రహస్యం’ (1967) ఆర్థికంగా విఫలమైంది. అయితే మల్లాది రామకృష్ణశాస్త్రి రచనకు ఘంటసాల స్వరాలు సమకూర్చిన ‘గిరిజా కల్యాణం’ అనే యక్షగానం ఆ చిత్రాన్ని మించి బతికింది. సినిమా కోసం పుట్టిన ఈ కృతిని నేటికీ కూచిపూడి కళాకారులు వేదికపై ప్రదర్శిస్తున్నారు. రంగస్థలం నుంచి తెరకు వెళ్లిన కళ తిరిగి రంగస్థలాన్ని చేరిందనడానికి ఇది నిదర్శనం.

ముగింపు

రాఘవయ్య నాట్యాన్ని వదిలి సినిమాకు వెళ్లలేదు. నాట్యంలో నేర్చిన కథన పద్ధతిని, పాత్ర భావాన్ని ముఖంలో నిలిపే నేర్పును దర్శకత్వంలోనూ కొనసాగించారు. ‘దేవదాసు’ విజయాన్ని నటులకు, పాటలకు మాత్రమే ఆపాదిస్తే ఈ కొనసాగింపు కనిపించదు. కూచిపూడి చరిత్రను రంగస్థలానికే పరిమితం చేసినా అదే లోపం మిగులుతుంది. అందువల్ల నాట్య చరిత్ర, చలనచిత్ర చరిత్ర పరస్పరాధారాలతో సాగవలసి ఉంది.