పాత రీళ్లు ఎవరి సాక్ష్యం?

డాక్యుమెంటరీలో పాత ఫుటేజీ అంటే సందు పూడ్చే సరుకనే చాలామంది అనుకుంటారు. మేం అలా అనుకోవడం లేదు. దళితులకు అది సాక్ష్యం. 1948లో పుట్టిన ఫిల్మ్స్ డివిజన్ దశాబ్దాలపాటు టాకీసుల్లో న్యూస్‌రీళ్లు వేయించింది. ఆనకట్టలూ మంత్రులూ అందులో దండిగా దొరుకుతారు. వాడ గొంతును మాత్రం వెతుక్కోవాల్సిందే.

బొంబాయి మురికివాడల కూల్చివేతలపై ఆనంద్ పట్వర్ధన్ 1985లో 'బాంబే అవర్ సిటీ' తీశాడు. అందులో విలాస్ ఘోగ్రే అనే దళిత కమ్యూనిస్టు కళాకారుడు పాడాడు. 1997 జూలై 11న అదే నగరంలోని రమాబాయి కాలనీలో అంబేద్కర్ విగ్రహానికి చెప్పుల దండ వేశారు. నిరసనకొచ్చిన జనం మీద పోలీసులు కాల్పులు జరిపి 10 మందిని చంపారు. జూలై 15న ఘోగ్రే ఉరేసుకున్నాడు. తలకు నీలి గుడ్డ కట్టుకున్నాడు.

పట్వర్ధన్ 14 ఏళ్లు చిత్రీకరించి 2011లో 'జైభీమ్ కామ్రేడ్' పూర్తిచేశాడు. పాత పాట అందులోకి తిరిగొచ్చింది. ఎర్రజెండా కింద పాడినోడు నీలి గుడ్డతో ఎందుకు పోయాడు? ఆ పాత దృశ్యం లేకుంటే ఈ ప్రశ్నకు ఇంత బలం ఉండేది కాదు. కులం గురించి వామపక్షాన్ని నిలదీస్తున్నది ఆ దృశ్యమే.

కారంచేడు (1985), చుండూరు (1991) ఉద్యమాల నాటి క్యాసెట్లు మన ఇళ్లలో ఉంటే బూజు పట్టకముందే కాపీ తీయాలి. తేదీ, ఊరు, మాట్లాడినవాళ్ల పేర్లు రాసిపెట్టాలి. పేరూ తేదీ లేని బొమ్మకు ఎవడైనా తనకు నచ్చిన కథ తగిలిస్తాడు.