కైరో రొట్టె ధర: ముహ్తసిబ్ కాలం నుండి ద్రవ్యనిధి కాలం వరకు

అరబ్బీలో రొట్టెకు ‘ఖుబ్జ్’ అని పేరు. ఈజిప్టు వాసులు మాత్రం దానిని ‘ఐష్’ అంటారు. ఐష్ అనగా జీవితం, బ్రతుకు. రొట్టెనూ బ్రతుకునూ ఒకే మాటతో పిలుచుకునే ప్రజల వద్ద రొట్టె ధర కేవలం అంగడి విషయం కాజాలదు. కైరో నగరంలో ఆ ధరను ఎవరు, ఏ అధికారంతో నిర్ణయించారన్న ప్రశ్నను పట్టుకొని పోతే, ప్రపంచీకరణ అని పిలువబడుతున్న మార్పు ఒక ముస్లిం సమాజాన్ని ఎంత లోతుగా తాకిందో తెలుస్తుంది.

ఈజిప్టు ఒకప్పుడు ఇతరులకు అన్నం పెట్టిన దేశం. రోము నగరం దాని గోధుమలతో బ్రతికింది. హజ్రత్ ఉమర్ (రజి) ఖిలాఫత్‌లో అమ్ర్ బిన్ ఆస్ (రజి) పూడిపోయిన పాత కాలువను త్రవ్వించగా, నైలు లోయ ధాన్యం ఎర్రసముద్రం మీదుగా మదీనాకు చేరింది. తరువాతి శతాబ్దాలలో అంగళ్ల పర్యవేక్షణకు ‘ముహ్తసిబ్’ అనే అధికారి ఉండేవాడు. తూనికలు, కొలతలు, కల్తీ ఇతని పరిధిలోనివి. ఈ అధికారుల కోసం వ్రాయబడిన గ్రంథాలలో రొట్టెల బట్టీల నియమాలు ఎంతో సూక్ష్మంగా ఉన్నాయి. పిండిని కాళ్లతో తొక్కరాదు. పిసికేవాడు నోటికి అడ్డు కట్టుకోవాలి. పగటిపూట పిసికేటప్పుడు ఈగలు తోలడానికి ఒక మనిషి ప్రక్కన నిలబడాలి.

మరి ధర మాటేమిటి? మదీనాలో ధరలు పెరిగినప్పుడు ధర నిర్ణయించమని సహచరులు కోరగా దైవప్రవక్త (స) నిరాకరించారు. ఎవరి ప్రాణం విషయంలోగాని, ధనం విషయంలోగాని అన్యాయం చేసినవానిగా ప్రభువు ఎదుట నిలవడం ఆయనకు ఇష్టం లేదు. ఈ హదీసును చూపి ఇస్లాం విచ్చలవిడి వ్యాపారాన్ని సమర్థిస్తుందని వాదించేవారు లేకపోలేదు. ఇమామ్ ఇబ్నె తైమియా (మరణం 1328) ఈ విషయాన్ని చక్కగా విడమరచారు. సరుకు తగ్గడం వల్లనో, కొనేవారు పెరగడం వల్లనో ధర పెరిగితే వర్తకుణ్ణి నిర్బంధించడం జులుమ్ అవుతుంది. జనానికి తప్పనిసరి అయిన సరుకును దాచిపెట్టి ధర పెంచితే మాత్రం న్యాయమైన ధరకు అమ్మించడం పాలకుని విధి. అనగా ధర ఎందుకు పెరిగిందో విచారించకుండా తీర్పు చెప్పరాదన్న మాట.

చరిత్రకారుడు అల్ మఖ్రీజీ అట్లా విచారించినవాడే. ఆయన స్వయంగా కైరో ముహ్తసిబ్‌గా పనిచేశారు. పదిహేనవ శతాబ్దపు ఆరంభంలో వచ్చిన ఘోర క్షామాన్ని కళ్లారా చూసి 1405లో ఒక చిన్న గ్రంథం వ్రాశారు. నైలు నదికి వరద రాకపోవడం కొత్త కాదు. కాని ఈ కరువు ఇంతకాలం ఎందుకు సాగిందని ఆయన ప్రశ్న. లంచాలిచ్చి పదవులు కొనుక్కోవడం, భూముల కౌలు పెరిగిపోవడం, వెండి బంగారాల స్థానంలో రాగి నాణేలు ముంచెత్తడం, ఈ మూడూ ఆయన చెప్పిన కారణాలు. దైవలిఖితమని చేతులు దులుపుకోలేదు.

విదేశీ వ్యాపారానికి తలుపులు తెరవడం ఈజిప్టుకు ఇరవయ్యవ శతాబ్దంలో వచ్చిన కొత్త అనుభవం కాదు. ఉస్మానీ ప్రభుత్వం 1838లో బ్రిటన్‌తో చేసుకున్న ఒప్పందం ముహమ్మద్ అలీ పాషా నెలకొల్పిన ప్రభుత్వ గుత్తాధికారాన్ని దెబ్బతీసింది. ఆ తరువాత ప్రత్తి, అప్పులు. 1875లో సూయెజ్ కాలువ వాటాలను బ్రిటన్‌కు అమ్ముకోవలసి వచ్చింది. 1876లో ఋణదాతల సంఘం ఖజానాపై కూర్చుంది. 1882లో బ్రిటిష్ సైన్యమే దిగింది.

1952 విప్లవం తరువాత ప్రభుత్వం భూముల కౌలును శిస్తుకు ఏడు రెట్లు మించరాదని శాసించింది; పట్టణాలలో రొట్టెను చౌకగా అందించింది. దానికి ప్రతిగా ప్రజలు నోరు మెదపకూడదు. ఈ లోపాన్ని దాచి నాసర్ కాలాన్ని స్వర్ణయుగమనడం న్యాయం కాదు. అయినా, రొట్టె ప్రభుత్వపు బాధ్యత అన్న భావం ఈ కాలంలోనే జనంలో గట్టిగా నాటుకుంది.

1973 యుద్ధం తరువాత అధ్యక్షుడు సాదాత్ దారి మార్చాడు. 1974లో వచ్చిన 43వ నంబరు చట్టం విదేశీ పెట్టుబడులకు ద్వారాలు తెరిచింది. ఈ విధానానికి ‘ఇన్‌ఫితాహ్’, అనగా తెరవడం, అని పేరు. అప్పులు పెరిగాయి. అంతర్జాతీయ ద్రవ్యనిధితో సంప్రదింపులు జరిపిన ప్రభుత్వం 1977 జనవరి 17న రొట్టె, పిండి, చక్కెర, తేయాకు, బియ్యం, వంటగ్యాసు వంటి వాటిపై ఇస్తున్న రాయితీలను తగ్గించింది. మరునాడే అలెగ్జాండ్రియా నుండి అస్వాన్ దాకా జనం వీధులలోకి వచ్చారు. సైన్యాన్ని దించారు, కర్ఫ్యూ విధించారు; డెబ్బై మందికి పైగా చనిపోయారు. సాదాత్ దానిని దొంగల తిరుగుబాటు అన్నాడు. పెంచిన ధరలను మాత్రం వెనక్కి తీసుకున్నాడు.

బాహాటంగా చేయలేని పని తరువాత మెల్లగా జరిగింది. మన కడప, కరీంనగర్, హైదరాబాదు నుండి గల్ఫ్‌కు పోయినవారి మాదిరే అదే సంవత్సరాలలో ఈజిప్టు రైతులు లక్షల సంఖ్యలో ఇరాక్, లిబియా, సౌదీ అరేబియాలకు వెళ్లారు. పంపిన డబ్బుతో పచ్చి ఇటుకల ఇళ్ల స్థానంలో ఎర్ర ఇటుకల ఇళ్లు లేచాయి. ఆ ఇటుకలకు నైలు పొలాల పైమట్టినే త్రవ్వారు! భర్త పరదేశంలో ఉండగా సేద్యం, బేరసారాలు, పిల్లల చదువు భార్య చేతికి వచ్చాయి. పాత కుటుంబ పెద్దరికం చాలాచోట్ల సడలింది.

ఈ డబ్బు కోసమే ‘ఇస్లామీయ పెట్టుబడి సంస్థలు’ వెలిశాయి. వడ్డీ లేదన్నారు, సంవత్సరానికి 24 శాతం దాకా లాభం పంచారు. గడ్డాన్ని చూసి నమ్మినవారు లెక్క అడగలేదు. అర్-రయ్యాన్ వంటి సంస్థ విదేశాల బంగారపు జూదంలో డబ్బు పెట్టింది. 1988లో ప్రభుత్వం చట్టం తెచ్చేసరికి లోపలి డొల్లతనం బయటపడింది. ఎందరో కష్టార్జితం పోగొట్టుకున్నారు. ముహ్తసిబ్ ఈగలను కూడా లెక్కలోకి తీసుకున్న సంప్రదాయంలో, ఇస్లాం పేరు పెట్టుకున్న సంస్థ ఖాతాలను అడిగే నాథుడే లేకపోయాడు.

1991లో ద్రవ్యనిధి, ప్రపంచబ్యాంకులతో ఒప్పందం కుదిరింది. 1992 నాటి 96వ చట్టం కౌలును శిస్తుకు 22 రెట్లు చేసింది. 1997 అక్టోబరు నుండి దానిని అంగడికే వదిలింది. తాత తండ్రుల నుండి దున్నుకుంటున్న పొలాల నుండి లక్షలాది కౌలుదార్లు తొలగవలసి వచ్చింది. మఖ్రీజీ చెప్పిన రెండవ కారణం ఈసారి చట్టరూపంలో వచ్చింది.

రొట్టె ధర మాత్రం 1980ల చివరి నుండి 5 పియాస్టర్ల వద్దే నిలిచింది. 1977ను ఏ పాలకుడూ మరచిపోలేదు. 2008లో గోధుమల ధర ప్రపంచమంతటా పెరిగినప్పుడు రొట్టెల క్యూలలో ప్రాణాలు పోయాయి. ముబారక్ సైన్యం చేత రొట్టెలు చేయించాడు. 2011 జనవరి తిరుగుబాటులో జనం ఎత్తిన నినాదంలో మొదటి మాట ‘ఐష్’. స్వేచ్ఛ, సామాజిక న్యాయం ఆ తరువాతివి.

2016 నవంబరులో ద్రవ్యనిధి ఋణం కోసం పౌండు విలువను అంగడికి వదిలారు; అది దాదాపు సగానికి పడిపోయింది. 2020లో ధర పెంచకుండా రొట్టె బరువును 110 గ్రాముల నుండి 90 గ్రాములకు తగ్గించారు. 2024 జూన్ 1న, మూడు దశాబ్దాల తరువాత, ధరను 5 నుండి 20 పియాస్టర్లకు పెంచారు. 1977 నాటి అలజడి ఈసారి జరగలేదు. తలకు రోజుకు ఐదు రొట్టెల చొప్పున, జనం కార్డు చూపించి తీసుకువెళ్లారు.