శాంతిపురం నుంచి ఒక్కరోజు టూర్: వెయ్యేళ్ల నాటి గుళ్లు.. వాటి పక్కనే చెరువులు, ఊళ్లు.. ఏం చూడాలి? ఎలా వెళ్లాలి?

పాత గుళ్లు చూడాలంటే కంబోడియా దాకా వెళ్లక్కర్లేదు. శాంతిపురం నుంచి తెల్లారి బయల్దేరితే చీకటి పడేలోపు వెయ్యేళ్ల నాటి గుళ్లు, వాటి చుట్టూ పల్లెలు చూసి ఇంటికి వచ్చేయొచ్చు. కాకపోతే గుడి ఒక్కటే చూసి వెనక్కి తిరిగితే సగమే చూసినట్టు. ఈ ప్రాంతంలో గుడి ఉన్న చోట చెరువు ఉంటుంది. చెరువు ఉంది కాబట్టే ఊరు నిలిచింది. ఆ మూడూ కలిపి చూసే రూట్ ఇది.

కంబోడియా మాట ఎందుకొచ్చింది?

కంబోడియాలోని సియామ్ రీప్‌కు వెళ్లే మనవాళ్లలో చాలామంది ఒకటి రెండు రోజుల ప్యాకేజీ తీసుకుంటారు. గైడ్ ఆంగ్కోర్ వాట్, బయాన్, తా ప్రోమ్ చూపించి, ఆ తర్వాత దగ్గర్లోని పల్లెలకు తీసుకెళ్తాడు. అక్కడ వరి పొలాలు, తాటి బెల్లం, స్తంభాల మీద కట్టిన ఇళ్లు చూడొచ్చు. గుళ్లు, పల్లెలు కలిపి చూపించడానికి కారణం ఉంది. తా ప్రోమ్‌లో 1186 నాటి శాసనం ఉంది. ఆ ఒక్క గుడి ఖర్చు కోసం 3,140 ఊళ్లు పనిచేసేవని అందులో రాసి ఉంది. ఊళ్లు పండితేనే గుడిలో దీపం వెలిగేది.

ఊళ్లు పండాలంటే నీళ్లు కావాలి. అందుకే ఖ్మేర్ రాజులు 'బారాయ్' అనే భారీ చెరువులు కట్టించారు. 9వ శతాబ్దం చివర్లో యశోవర్మ కట్టించిన తూర్పు బారాయ్ పొడవు 7 కిలోమీటర్లకు పైనే. ఇప్పుడది ఎండిపోయి పొలాలైపోయింది. 11వ శతాబ్దం నాటి పడమటి బారాయ్‌లో మాత్రం ఇప్పటికీ నీళ్లున్నాయి. 14, 15 శతాబ్దాల్లో వచ్చిన తీవ్రమైన కరవులు, మధ్యలో కుండపోత వానలు ఈ నీటి వ్యవస్థను దెబ్బతీశాయని, ఆంగ్కోర్ నగరం ఖాళీ అవడానికి అదీ ఒక కారణమని పరిశోధకులు చెబుతున్నారు.

సరిగ్గా యశోవర్మ కాలంలోనే మన సరిహద్దులో ఇంకో రాజవంశం ఉండేది. వాళ్లే నొళంబులు.

నొళంబులు ఎవరు?

8 నుంచి 11వ శతాబ్దం దాకా ఇప్పటి అనంతపురం, చిత్తూరు, కోలారు, తుమకూరు ప్రాంతాల్లో పెద్ద భాగాన్ని ఏలినవాళ్లు నొళంబ పల్లవులు. వీళ్ల రాజధాని హేమావతి. ఇప్పుడది శ్రీసత్యసాయి జిల్లా అమరాపురం మండలంలో ఉంది. నున్నగా చెక్కిన నల్లరాతి స్తంభాలు వీళ్ల గుర్తు. చోళులు వీళ్లను గెలిచాక ఆ స్తంభాలను తంజావూరు దగ్గర తిరువయ్యారు గుడి దాకా పట్టుకెళ్లారు. అవి ఇప్పటికీ అక్కడే ఉన్నాయి.

వీళ్లకు పక్కనే మదనపల్లె వైపు వైదుంబులు ఉండేవాళ్లు. మదనపల్లె దగ్గరి చిప్పిలి వాళ్ల ముఖ్య స్థానం. ఈ రెండు వర్గాల మధ్య యుద్ధాలు జరిగాయి. అందుకే మదనపల్లె, పుంగనూరు వైపు పల్లెల్లో వీరగల్లులు కనిపిస్తాయి. యుద్ధంలోనో, ఊరి పశువుల్ని కాపాడబోయో చనిపోయిన మనిషి బొమ్మ చెక్కి నిలబెట్టిన రాయే వీరగల్లు. చిప్పిలి వైపు దొరికిన పాత తెలుగు శాసనాల్లో కొన్ని ఇలాంటి రాళ్ల మీదివే.

రూట్ ఇదీ

శాంతిపురం – వి.కోట – బేతమంగళ – ఆవని – ముళబాగల్ – కురుడుమలె. తిరుగు ప్రయాణం నంగలి, పలమనేరు, వి.కోట మీదుగా. వి.కోట దాటాక కర్ణాటక మొదలవుతుంది. భాష సమస్యే లేదు. కోలారు జిల్లా పల్లెల్లో తెలుగు మాట్లాడేవాళ్లు చాలామంది. బోర్డులు కన్నడలో ఉన్నా అరుగు మీద మాటలు తెలుగులోనే వినిపిస్తాయి.

మొదటి స్టాప్: బేతమంగళ

ఇక్కడ ముందు చూడాల్సింది చెరువు. పాలారు మీద ఉన్న పెద్ద చెరువు ఇది. ఊరి పాత పేరు విజయాదిత్యమంగళం. బాణ రాజు విజయాదిత్యుడి పేరు మీద వచ్చింది. చెరువు కట్ట తెగిపోతే నొళంబ రాజు ఇరివ నొళంబుడు దాన్ని మళ్లీ కట్టించాడని దాదాపు 950 నాటి శాసనం చెబుతోంది. అంటే ఈ చెరువు అప్పటికే పాతది. వెయ్యేళ్ల కిందటే దానికి రిపేరు జరిగింది.

ఆ తర్వాత కోలార్ గోల్డ్ ఫీల్డ్స్ వచ్చాయి. గనులకు, కార్మికుల కాలనీలకు తాగునీళ్లు ఈ బేతమంగళ చెరువు నుంచే వెళ్లాయి. 2001 ఫిబ్రవరి 28న గనులు మూతపడ్డాయి. బంగారం అయిపోయింది కానీ చెరువు అలాగే ఉంది. ఊళ్లో విజయరంగస్వామి గుడి కూడా చూడండి.

కట్ట ఎక్కితే మూడు వెతకండి. ఒకటి తూము, అంటే పొలాలకు నీళ్లు వదిలే దారి. రెండోది మొరవ, చెరువు నిండితే నీళ్లు పొర్లిపోయే చోటు. మూడోది కట్ట కింద ఆయకట్టు. ఈ మూడూ బాగుంటేనే చెరువు బతికున్నట్టు.

రెండో స్టాప్: ఆవని

ఈ టూర్‌లో ముఖ్యమైన చోటు ఇదే. ముళబాగల్‌కు నైరుతి వైపు సుమారు 13 కిలోమీటర్ల దూరంలో ఉంది. ఒకే ప్రాకారంలో రామేశ్వర, లక్ష్మణేశ్వర, భరతేశ్వర, శత్రుఘ్నేశ్వర గుళ్లు ఉంటాయి. అన్నీ శివాలయాలే. అన్నదమ్ములు ఒక్కొక్కరు ఒక్కో లింగం ప్రతిష్ఠించారని స్థలపురాణం. వాల్మీకి ఆశ్రమం ఇక్కడే ఉండేదని, లవకుశులు పుట్టింది ఇక్కడేనని జనం నమ్మకం. కొండ మీద సీతమ్మ గుడి ఉంది. పిల్లల కోసం మొక్కుకునేవాళ్లు అక్కడికి ఎక్కుతారు. శివరాత్రికి పెద్ద జాతర, పశువుల సంత జరుగుతాయి.

గుళ్లలో లక్ష్మణేశ్వరాలయం పనితనం చూసి తీరాలి. మండపంలోకి వెళ్లాక తల పైకెత్తండి. కప్పు మధ్యలో ఉమామహేశ్వరులు, చుట్టూ అష్టదిక్పాలకులు కనిపిస్తారు. చాలామంది గర్భగుడి చూసి వెళ్లిపోతారు, పైకి చూడరు.

ఇప్పుడు అసలు సంగతి. ఇక్కడి మఠాన్ని త్రిభువనకర్త అనే శైవ గురువు 40 ఏళ్లు నడిపాడు. 931 నాటి శాసనం ఆయన చేసిన పనుల లెక్క చెబుతోంది: 50 గుళ్లు కట్టించాడు, 2 పెద్ద చెరువులు కట్టించాడు. ఒక సన్యాసి గురించి రాస్తూ గుళ్లతో పాటు చెరువుల్ని కూడా అదే వరసలో చెప్పారు. ఆ కాలం మనిషికి రెండూ ఒకే రకం పుణ్యం అన్నమాట.

ఇది ఆవనికే పరిమితం కాదు. కడప జిల్లా పోరుమామిళ్ల చెరువు దగ్గర 1369 నాటి శాసనం ఉంది. బుక్కరాయల కొడుకు భాస్కరుడు ఆ చెరువు కట్టించాడు. రోజుకు 1,000 మంది కూలీలు, 100 బండ్లు, రెండేళ్ల పని అని లెక్క రాయించాడు. మంచి చెరువుకు ఉండాల్సిన 12 లక్షణాలు, ఉండకూడని 6 దోషాలు కూడా చెక్కించాడు. ఒక్కముక్కలో చెప్పాలంటే అదొక ఇంజినీరింగ్ పాఠం.

మూడో స్టాప్: ముళబాగల్, కురుడుమలె

ముళబాగల్ అంటే కన్నడలో 'మూడల బాగిలు', తూర్పు వాకిలి అని అర్థం. ఆంజనేయస్వామి గుడి ఫేమస్. ఊరికి దగ్గర్లోనే నరసింహతీర్థం, 15వ శతాబ్దపు మాధ్వ గురువు శ్రీపాదరాజుల బృందావనం ఉన్నాయి. 1768లో హైదర్ అలీకి, ఇంగ్లిష్ సైన్యానికి ఇక్కడ యుద్ధం జరిగింది. మధ్యాహ్నం ఆకలేస్తే ముళబాగల్ దోసె ఉండనే ఉంది.

అక్కడి నుంచి సుమారు 10 కిలోమీటర్లు వెళ్తే కురుడుమలె. ఏకశిలా వినాయకుడు 13 అడుగులకు పైనే ఉంటాడు. అయితే అందరూ ఈ గుడి చూసి బండెక్కేస్తారు. అదే ఊళ్లో చోళుల కాలపు సోమేశ్వరాలయం ఉంది. దాన్ని కూడా చూడండి. గుడిలో ఒక భాగం జకణాచారి, ఇంకో భాగం కొడుకు డంకణుడు చెక్కారని ఊరివాళ్లు చెబుతారు. అది కథే అయినా రెండు వైపులా పనిలో తేడా ఏమిటో వెతుకుతూ చూస్తుంటే టైమ్ తెలియదు.

తిరుగు దారిలో నంగలి వస్తుంది. హొయసల రాజుల శాసనాలు తమ రాజ్యానికి తూర్పు హద్దుగా ఈ నంగలినే చెప్పుకున్నాయి. ఇప్పటికీ ఆంధ్రా, కర్ణాటక సరిహద్దు అక్కడికి దగ్గరే.

పల్లెల్లో ఏం చూడాలి?

దారి పొడవునా రాగి చేలు, మామిడి తోటలు, టమాటా, మల్బరీ కనిపిస్తాయి. పట్టుపురుగులు పెంచే ఇల్లు ఏదైనా ఉంటే అడిగి చూడండి. పురుగులు ఆకు తినేటప్పుడు వాన చినుకుల్లాంటి చప్పుడు వస్తుంది. పురుగులకు జబ్బులు త్వరగా అంటుకుంటాయి కాబట్టి ఇంటివాళ్లు వద్దంటే లోపలికి వెళ్లొద్దు.

ఊళ్లోకి వెళ్తే ముందు రచ్చబండ దగ్గర పెద్దవాళ్లను పలకరించండి. "తాతా, మీ చెరువు ఎవరు కట్టించినారు? మొరవ ఎప్పుడు పోయింది?" అని అడిగితే చాలు, కథ మొదలవుతుంది. ఈ వైపు పల్లెల్లో నీరుగంటి అనే పని ఉండేది. తూము తీసి ఏ మడికి ఎంతసేపు నీళ్లు పోవాలో చూసేది అతనే. చెరువు కట్టించినవాళ్లకు, బాగుచేసినవాళ్లకు కట్ట కింద భూమి ఇచ్చే పద్ధతి ఉండేది. దాన్ని దశబంధం అనేవాళ్లు. చెరువును చూసుకునేవాడికి ఆ చెరువు నీళ్లతోనే తిండి దొరికే ఏర్పాటు అది.

బోర్లు వచ్చాక ఆ ఏర్పాటు పోయింది. కట్టలు తెగాయి, కాలువలు పూడిపోయాయి, చెరువుల్లోకి ఇళ్లు వచ్చాయి. బోర్లేమో వెయ్యి అడుగులు దాటినా నీళ్లు పడని పరిస్థితి వచ్చింది.

ఇప్పుడు చెరువులకు నీళ్లెక్కడివి?

కోలారు జిల్లాలో చెరువులు రెండు వేలకు పైనే. ఎప్పుడూ పారే నది ఒక్కటీ లేదు. 2018 నుంచి బెంగళూరు మురుగునీటిని శుద్ధి చేసి కేసీ వ్యాలీ పథకం ద్వారా ఇక్కడి చెరువుల్లోకి పంపిస్తున్నారు. మొదటి దశలో 126 చెరువులు నింపాలన్నది లక్ష్యం. భూగర్భజలం పెరిగిందని సంతోషించేవాళ్లు ఉన్నారు. శుద్ధి సరిపోదు, ఇంకో దశ కావాలని పోరాడుతున్నవాళ్లూ ఉన్నారు.

మనవైపు దారి వేరు. హంద్రీ-నీవా కుప్పం బ్రాంచ్ కాలువ ద్వారా శ్రీశైలం నుంచి కృష్ణా నీళ్లు తెస్తున్నారు. 2025 ఆగస్టు 30న కుప్పం మండలం పరమసముద్రంలో జలహారతి ఇచ్చారు. నీళ్లు బెంగళూరు నుంచి వచ్చినా శ్రీశైలం నుంచి వచ్చినా నిలబడాల్సింది మాత్రం ఆ పాత చెరువుల్లోనే. కట్ట, తూము, మొరవ సరిగా లేకపోతే వందల కిలోమీటర్లు తెచ్చిన నీళ్లు కూడా ఆగవు. బేతమంగళ శాసనం వెయ్యేళ్ల కిందటే ఆ మాట చెప్పింది: కట్ట తెగింది, మళ్లీ కట్టారు, అందుకే చెరువు ఉంది.

వెళ్లే ముందు ఇవి గుర్తుపెట్టుకోండి

* నవంబర్ నుంచి ఫిబ్రవరి దాకా మంచి సీజన్. ఈశాన్య రుతుపవనాల వానలు బాగా పడితే చెరువుల్లో నీళ్లుంటాయి, ఎండ తక్కువ.

* సొంత బండి ఉంటే మేలు. ట్యాక్సీ అయితే కర్ణాటక పర్మిట్ ఉందో లేదో ముందే అడగండి.

* ఉదయం 6 గంటలకల్లా బయల్దేరండి. పూజలు జరిగే గుళ్లు చాలావరకు మధ్యాహ్నం మూసేస్తారు.

* గైడ్ దొరక్కపోతే గుడి పూజారిని అడగండి. శాసనం ఎక్కడుంది, చెరువు ఎటువైపు అనే రెండు ప్రశ్నలు మర్చిపోవద్దు.

* శాసనాల మీద సుద్ద, నూనె, పసుపు రాయొద్దు. అక్షరాలు పాడవుతాయి. పక్క నుంచి వెలుతురు పడేలా సెల్‌ఫోన్ టార్చ్ పెడితే అక్షరాలు బాగా కనిపిస్తాయి.

* ఆవని గుళ్లు కేంద్ర పురావస్తు శాఖ రక్షణలో ఉన్నాయి. ఇలాంటి కట్టడాలకు 100 మీటర్లలోపు కొత్త నిర్మాణాలు నిషేధం. ఆ తర్వాత ఇంకో 200 మీటర్ల దాకా అనుమతి తప్పనిసరి.

* మీ ఊళ్లో పొలం గట్టు మీదో, బట్టలు ఉతికే చోటో అక్షరాలున్న రాయి కనిపిస్తే కదిలించకుండా ఫొటో తీసి తహసీల్దార్ ఆఫీసుకు గానీ పురావస్తు శాఖకు గానీ చెప్పండి. మీ చెరువు ఎవరు కట్టారో, దాని హద్దులు ఎక్కడి దాకా ఉన్నాయో ఆ రాయి మీదే ఉండొచ్చు.

రెండో రోజు కూడా టైమ్ ఉంటే కోలారు వెళ్లి చోళుల కాలపు కోలారమ్మ గుడి చూడొచ్చు. లేదంటే మదనపల్లె మీదుగా ములకలచెరువు మండలం సోంపల్లెకు వెళ్లి విజయనగర కాలపు చెన్నకేశవస్వామి గుడి, దాని ముందున్న ఎత్తైన ఏకశిలా స్తంభం చూడండి. దారిలో చెరువు కనిపిస్తే మాత్రం రెండు నిమిషాలు బండి ఆపి కట్ట ఎక్కండి.