వర్చువల్ రూటర్ ఇమేజ్

రూటర్‌ను నడిపే సాఫ్ట్‌వేర్‌ను మామూలు కంప్యూటర్‌లోనూ పనిచేసేలా ఒక ఫైలుగా మలిస్తే దాన్ని వర్చువల్ రూటర్ ఇమేజ్ అంటారు. ఇలాంటివి నాలుగైదు ఒకే ల్యాప్‌టాప్‌లో నడిపి, తెరమీదే కేబుళ్లు కలిపి నెట్‌వర్క్ లాబ్ కడతారు. ప్యాకెట్ ట్రేసర్, ఎన్‌ఎస్‌2 వంటి సిమ్యులేటర్లు రూటర్ ప్రవర్తనను అనుకరిస్తాయి, అంతే. ఇమేజ్‌లో నడిచేది తయారీదారు సాఫ్ట్‌వేరే కాబట్టి అందులోని లోపాలు కూడా అసలువే.

చరిత్ర

2005లో ఫ్రాన్స్‌కు చెందిన క్రిస్టోఫ్ ఫియో డైనమిప్స్ అనే ప్రోగ్రాం రాయడం మొదలుపెట్టాడు. అది సిస్కో 7200 రూటర్‌లోని మిప్స్ ప్రాసెసర్‌ను పీసీలో సృష్టించేది. పని లేనప్పుడూ సిస్కో రూటర్ సాఫ్ట్‌వేర్ ఐఓఎస్ లూప్‌లో తిరుగుతూనే ఉండటంతో ఒక్క రూటర్‌కే సీపీయూ 100 శాతం ఖర్చయ్యేది. ఆ లూప్‌ను గుర్తించి ప్రాసెసర్‌కు విశ్రాంతినిచ్చే ‘ఐడిల్-పీసీ’ విలువతో ఆ చిక్కు తీరింది. జెరెమీ గ్రాస్‌మన్ రూపొందించిన జీఎన్‌ఎస్3 దీనికి బొమ్మల తెరను జోడించింది. సిస్కో క్యాటలిస్ట్ స్విచ్‌లు ప్రత్యేక చిప్‌లపై ఆధారపడటం వల్ల డైనమిప్స్‌కు లొంగలేదు. ఆ కొరతను ఐఓఎస్‌వీ-ఎల్2 వంటి ఇమేజ్‌లు తర్వాత తీర్చాయి. 2014 జూన్‌లో సిస్కో నిపుణుల ధ్రువీకరణ అయిన సీసీఐఈ రూటింగ్ అండ్ స్విచింగ్ లాబ్ పరీక్షే వర్చువల్ రూటర్లకు మారింది. అదే ఏడాది సిస్కో ‘వర్ల్’ అనే లాబ్ సాఫ్ట్‌వేర్ విడుదల చేసింది. అది 2020లో మోడలింగ్ ల్యాబ్స్ పర్సనల్ అయింది. ఇలాంటి లాబ్‌లు కట్టే ఈవీఈ-ఎన్‌జీ, కంటైనర్‌ల్యాబ్ కూడా వాడుకలోకి వచ్చాయి.

పాలమూరు ప్రాంతంలో

గద్వాల, వనపర్తి, నాగర్‌కర్నూల్ ఉమ్మడి మహబూబ్‌నగర్ (పాలమూరు) ప్రాంతంలోని జిల్లాలు. ఇక్కడి విద్యార్థులకు సిస్కో ధ్రువీకరణ సీసీఎన్‌ఏకు శిక్షణంటే హైదరాబాద్ అమీర్‌పేటే గుర్తొస్తుంది. అసలు రూటర్లతో సాధన చేయాలంటే వాటిని అమర్చిన రాక్ ఉన్నచోటికే వెళ్లాలి, వంతు కోసం ఆగాలి. ఇమేజ్‌తో ఆ రాక్ ల్యాప్‌టాప్‌లోకి వచ్చింది. వనపర్తిలో కళాశాల ఉన్న జేఎన్‌టీయూ హైదరాబాద్ ఆర్18 సిలబస్‌లో నెట్‌వర్క్ లాబ్‌కు ఎన్‌ఎస్‌2, వైర్‌షార్క్ పెట్టారు. రూటర్ ఆదేశాలపై చేయి తిరగాలంటే ఇమేజ్‌ల సాధన దానికి తోడు కావాలి.

పరిమితులు

సిస్కో ఇమేజ్‌లలో ఐఓఎస్‌వీకి 512 ఎంబీ ర్యామ్ చాలు. సీఎస్‌ఆర్1000వీకి 3–4 జీబీ కావాలి. కాబట్టి 8 జీబీ ల్యాప్‌టాప్‌లో అలాంటివి రెండు నడపడమే కష్టం. జీఎన్‌ఎస్3 ఉచితమే అయినా సిస్కో ఇమేజ్‌లకు లైసెన్సు తప్పనిసరి. చేతులు మారే కాపీలు చట్టవిరుద్ధం. ఖర్చు లేకుండా మొదలుపెట్టాలనుకునేవారికి ఓపెన్ సోర్స్ రూటింగ్ సాఫ్ట్‌వేర్ ఎఫ్‌ఆర్‌రూటింగ్, అయిదు నోడ్ల వరకు అనుమతించే సిస్కో ఉచిత మోడలింగ్ ల్యాబ్స్ ఉన్నాయి.