ఇంగ్లీషు సినిమాల బొంబాయి నిర్మాత

'హోవర్డ్స్ ఎండ్' మొదటిసారి చూసినప్పుడు అచ్చమైన ఇంగ్లీషువాళ్లు తీసిన సినిమా అనుకున్నాను. తీరా చూస్తే నిర్మాత ఇస్మాయిల్ మర్చంట్ మన బొంబాయి మనిషి. దర్శకుడు జేమ్స్ ఐవరీ అమెరికన్. నవలని స్క్రీన్‌ప్లేగా మలచిన రూత్ ప్రవర్ ఝాబ్‌వాలా జర్మనీలో పుట్టిన యూదు మహిళ. హిట్లర్ కాలంలో ఇంగ్లండ్ చేరి, భారతీయుణ్ణి పెళ్లాడి, ఢిల్లీలో పాతికేళ్ల దాకా కాపురం చేసిన ఆవిడ. ఆ సినిమాకి మూడు ఆస్కార్లు వచ్చాయి.

మర్చంట్ 1936లో పుట్టారు. తండ్రి బట్టల వ్యాపారి. దేశ విభజనప్పుడు పాకిస్తాన్‌కి పోనని ఉన్న ఊళ్లోనే నిలబడ్డ మనిషి. అటువంటి తండ్రికి పుట్టిన కొడుకు 1958లో న్యూయార్క్ వెళ్లిపోయారు. ఎం.బి.ఎ. చదివారు, పొట్టపోసుకోవడానికి ఐక్యరాజ్యసమితిలో మెసెంజర్‌గా పనిచేశారు. అక్కడికొచ్చే భారతీయ ప్రతినిధులను పట్టుకుని, సినిమా తీస్తాను డబ్బు పెట్టండని అడిగేవారట!

1961లో ఐవరీతో కలిసి కంపెనీ పెట్టారు. రూత్ నవల 'ది హౌస్‌హోల్డర్' కోసం ఫోన్ చేస్తే, కొత్తవాళ్లతో మాట్లాడటం ఇష్టంలేని ఆవిడ, తాను అత్తగారినని బొంకింది. ఆయన వదిలితేగా! 1963లో వచ్చిన ఆ సినిమాలో శశికపూర్ సరసన నటించిన లీలా నాయుడు మనకి పరాయిది కాదు. ఆమె తండ్రి, అణుశాస్త్రవేత్త రామయ్య నాయుడు, మదనపల్లెవారు.

ఇంజనీరుగా నాకు బాగా నచ్చింది మాత్రం డబ్బు సంగతి. ఆ రోజుల్లో అమెరికన్ సినిమా కంపెనీలు ఇక్కడ సంపాదించిన రూపాయలు బయటికి తీసుకుపోవడానికి వీల్లేక ఇక్కడే ఇరుక్కుపోయేవి. కొలంబియా సంస్థ అలా ఇరుక్కున్న రూపాయలతోనే 'హౌస్‌హోల్డర్'ని కొన్నది. రెండు దేశాల నిబంధనల మధ్య చిక్కుకున్న సొమ్ముకి దారి చూపించడం రెండు దేశాలూ తెలిసినవాడికే సాధ్యం. తర్వాత కూడా ఆయన బడ్జెట్లు చిన్నవే. పెద్దపెద్ద నటులు తక్కువ పారితోషికానికి పనిచేసేవారు. ఆయన స్వయంగా గరిట పట్టుకుని యూనిట్ అంతటికీ కూరలు వండిపెట్టేవారు. సైటులో బిల్లు ఆలస్యమైన వారాల్లో భోజనం విలువేమిటో మా కాంట్రాక్టర్లని అడగండి.

హాలీవుడ్ నెత్తిన పెట్టుకున్న ఆ రోజుల్లోనే, 1993లో, ఆయన తానే దర్శకుడై 'ఇన్ కస్టడీ' తీశారు. ఉర్దూలో! అనితా దేశాయ్ నవల అది. హిందీ పాఠాలు చెప్పి బతుకుతూ ఉర్దూని ప్రేమించే ఒక లెక్చరర్, చివరిదశలో ఉన్న ఒక ఉర్దూ మహాకవిని ఇంటర్వ్యూ చేయబోతాడు. సెకండ్‌హ్యాండ్ టేప్‌రికార్డర్ సరిగా పనిచెయ్యదు. కవి ఇంట్లో గోల, తాగుడు, భార్యల తగాదాలు. రికార్డు కావలసింది కాదు. భోపాల్‌లో తీసిన ఈ సినిమా 'హోవర్డ్స్ ఎండ్'లా డబ్బు తేదని ఆయనకి తెలియదా? లెక్కలు ఆయనకంటే బాగా వచ్చినవాళ్లెవరు?

నాకు ఆయన సినిమాలన్నిటిలో ఇదే ఇష్టం. డాలస్‌లో ఉన్న మా అబ్బాయికి తెలుగు మాట్లాడటం వచ్చు, చదవడం రాదు. ఈ వ్యాసం వాడికి ఫోన్‌లో చదివి వినిపించాలి.

మర్చంట్ 2005 మే 25న లండన్‌లో కన్నుమూశారు. పెద్దల పక్కనే తననీ ఉంచమన్న కోరిక ప్రకారం, ముంబై మెరైన్ లైన్స్‌లోని బడా కబ్రస్తాన్‌లో ఖననం చేశారు.