మంగోలు సామ్రాజ్యం: సమాజం, పాలన

13వ శతాబ్ది తొలినాళ్లలో ఓనన్, కెరూలెన్ నదుల తీరాల పశుపోషక తెగల నుంచి పుట్టి, రెండు తరాలు గడిచేసరికి పసిఫిక్ తీరం నుంచి నల్లసముద్రం దాకా విస్తరించిన రాజ్యం ఇది. ఎడతెగని భూభాగంతో కూడిన సామ్రాజ్యాల్లో ఇంతకు మించినది చరిత్రలో లేదు. దీని స్థాపకుడు తెన్నేటి సూరి నవల ‘చెంఘిజ్ ఖాన్’ ద్వారా తెలుగు పాఠకులకు చిరపరిచితుడు. మంగోలుల విజయాలకు గుర్రపు స్వారీ, విలువిద్య, క్రౌర్యం కారణాలని చెప్పడం పరిపాటి. కానీ ఆ మూడూ వారికి ముందు అదే గడ్డిమైదానాలను ఏలిన జాతులకూ ఉన్నాయి. మంగోలులు కొత్తగా సాధించింది వేరే ఉంది. వంశం మీద నిలిచిన సమాజాన్ని విప్పి, విధేయత ఆధారంగా తిరిగి కట్టారు. సామాన్య జనంలో ఈ మార్పు దాదాపు పూర్తయింది. ఏలికల ఇంట్లో మాత్రం అసలు మొదలే కాలేదు. సామ్రాజ్యం ఎదుగుదలనూ చీలికనూ ఈ తేడాయే చాలావరకు వివరిస్తుంది.

12వ శతాబ్దిలో మంగోలులు అక్కడున్న అనేక తెగల్లో ఒకటి. తూర్పున తాతారులు, మధ్యలో కెరెయితులు, పడమట నైమానులు, ఉత్తరాన మెర్కితులు వారికి పొరుగువారు. గుర్రం, ఆవు, ఒంటె, గొర్రె, మేక వారి సంపద. పచ్చిక కోసం ఋతువును బట్టి ఉన్ని గుడారాలతో తరలిపోయేవారు. ఒకే వంశంలో పెళ్లి నిషిద్ధం కాబట్టి పిల్లను బయటి నుంచే తెచ్చుకోవాలి, ఎత్తుకుపోవడమూ మామూలే. మగవాళ్లు వేటకూ యుద్ధానికీ వెళితే మందలూ గుడారాలూ ఆడవాళ్ల చేతిలో ఉండేవి. తరవాతి కాలంలో చెంఘిజ్ ఖాన్ కోడలు తొరెగెనె ఖాతున్ సామ్రాజ్యాన్నే నడపగలగడం వెనక ఈ అలవాటు ఉంది. సుమారు 1162లో పుట్టిన తెమూజిన్‌కు బంధుత్వం విలువ ఎంతో చిన్నప్పుడే తెలిసింది. తండ్రి యెసూగెయ్‌ను తాతారులు విషం పెట్టి చంపాక, దాయాదులైన తాయిచియుతులు ఆ కుటుంబాన్ని దిక్కులేకుండా వదిలేశారు. ఆ తరవాత అతడు సొంత వంశం మీద కన్నా, తెగను వదిలి తన పంచన చేరిన అనుచరుల మీదే ఎక్కువ ఆధారపడ్డాడు. వారిలో ఒకడైన జెబె అంతకు ముందు శత్రుపక్షాన నిలిచి అతని మీద బాణం వేసినవాడే.

తాతారులను 1202లో, కెరెయితులను 1203లో, నైమానులను 1204లో అణచిన తెమూజిన్‌ను 1206లో ఓనన్ తీరాన జరిగిన నాయకుల సభ (కురుల్తాయ్) చెంఘిజ్ ఖాన్‌గా ప్రకటించింది. ఈ సామ్రాజ్య చరిత్రలో ఏ యుద్ధమూ ఆ ఏడు జరిగిన పునర్వ్యవస్థీకరణకు సాటిరాదు. ప్రజలందరినీ పది, నూరు, వెయ్యి, పదివేల దళాలుగా విభజించారు. అప్పుడు ఏర్పడిన వేయేసి దళాలు 95 అని ‘మంగోలుల రహస్య చరిత్ర’ చెబుతుంది. ఓడిన తెగల వారిని విడదీసి వేర్వేరు దళాల్లో కలిపేశారు. తన దళం వదిలి మరో దళంలో చేరినవాడికి మరణశిక్ష అని పర్షియన్ చరిత్రకారుడు జువైనీ రాశాడు. ఖాన్ అంగరక్షక దళమైన కేషిగ్‌ను పదివేలకు పెంచి, నాయకుల కొడుకులను అందులో చేర్చారు. ఆ యువకులు ఏకకాలంలో బందీలూ, రేపటి అధికారులూ. నైమానుల వద్ద పట్టుబడిన ఉయిఘుర్ లేఖకుడు తాతా తుంగా ద్వారా మంగోలుల భాషకు లిపి సమకూరింది. షిగి ఖుతుఖు ప్రధాన న్యాయమూర్తి అయ్యాడు. అతడు తాతారుల శిబిరంలో దొరికిన పిల్లవాడు.

ఈ చట్రం మీద పన్నులూ దారులూ వేసినవాడు చెంఘిజ్ తరవాత ఖాన్ అయిన అతని కొడుకు ఓగొదెయ్ (1229–41). ఉత్తర చైనా జనాన్ని ఖాళీ చేయించి ఆ నేలను మేతబీడు చేద్దామని ఆస్థానంలో కొందరు సూచించినప్పుడు, ఖితాన్ వంశీయుడైన యేలూ చూత్సాయ్ అడ్డుపడి, సేద్యగాళ్ల నుంచి ఏటా ఎంత వెండి, పట్టు, ధాన్యం రాబట్టవచ్చో లెక్క చూపాడు. ఆ లెక్క గెలిచింది. 1235లో రాజధాని కారాకోరం నగరానికి ప్రాకారం లేచింది. యామ్ అనే తపాలా మజిలీల వ్యవస్థ స్థిరపడింది. అధికార ఫలకం చూపిన రాయబారికి ప్రతి మజిలీలో గుర్రం, తిండి, బస సిద్ధం. చెంఘిజ్ మనవడు మోంకె ఖాన్ (1251–59) కాలంలో చైనా నుంచి ఇరాన్, రష్యా దాకా జనాభా లెక్కలు తీశారు. 1259లో నొవ్‌గొరొద్ జనం తిరగబడినా లెక్క ఆగలేదు. యువరాజులూ వర్తకులూ యామ్ గుర్రాలను సొంతానికి వాడుకోకుండా అతడు కట్టడి చేశాడు. మతాచార్యులకు పన్ను మినహాయింపు కొనసాగింది. ఇది ప్రశంసించదగ్గ పాలన.

ఈ వాదనకు మూడు అభ్యంతరాలు చెబుతారు. మొదటిది, ఇదంతా భయంతో సాగిందని. 1221లో మెర్వ్, నిషాపూర్‌లలో, 1258లో బాగ్దాద్‌లో జరిగిన ఊచకోతలు ఘోరమైనవే. ఆ కాలపు రచయితలు ఇచ్చిన మృతుల సంఖ్యలు నమ్మశక్యం కానంత పెద్దవైనా, నాశనం మాత్రం నిజం. అయితే భయం కోట తలుపులు తెరిపిస్తుంది గానీ ఏటేటా పన్ను వసూలు చేయదు. రెండోది, పాలనంతా చైనీయ, పర్షియన్, ఉయిఘుర్ ఉద్యోగుల చలవేనని. పనితనం వారిదే, నిజం. కానీ పర్షియన్లను చైనాలో, చైనీయులను ఇరాన్‌లో నియమించి, స్థానిక బంధాలు లేని ఉద్యోగివర్గాన్ని తయారుచేసింది మంగోలులే. తెగలను విడదీసిన పద్ధతికి అది కొనసాగింపు. మూడోది వాతావరణం. 1211–1225 మధ్య మధ్య మంగోలియాలో వానలు దండిగా కురిశాయని చెట్ల వలయాల పరిశీలన చూపింది. పచ్చిక పెరిగితే గుర్రాలూ పెరుగుతాయి. కానీ ఆ పచ్చిక రాకముందే 1206 నాటి నిర్మాణం నిలిచింది.

ఇంత చేసినవారు సామ్రాజ్యాన్ని మాత్రం ఉమ్మడి కుటుంబ ఆస్తిలాగే చూశారు. చెంఘిజ్ కొడుకులు జోచి, చగతాయ్, ఓగొదెయ్, తొలుయ్‌లకు జనమూ మేతభూములూ వాటాలుగా దక్కాయి. ఆ వంశంలో ఖాన్ పదవి ఎవరికి దక్కాలో చెప్పే నియమం లేదు. ఖాన్ మరణించాక తరచూ పోటీ తప్పలేదు. తొలుయ్ భార్య సోర్ఖఖ్తాని బెకి చాకచక్యంతో ఆమె కొడుకు మోంకె గద్దెనెక్కినప్పుడు, ఓగొదెయ్, చగతాయ్ శాఖల వారు ఎందరో హతులయ్యారు. 1260లో మోంకె తమ్ముళ్లు ఖుబిలాయ్, అరిక్ బోకె తలపడ్డారు. 1262లో వారి సోదరుడు హులాగుతో జోచి కొడుకైన దాయాది బెర్కె యుద్ధానికి దిగాడు. ఓగొదెయ్ మనవడు ఖైదు 1301 దాకా ఖుబిలాయ్ వంశంతో పోరాడాడు. ఖుబిలాయ్ 1271లో యువాన్ వంశాన్ని ప్రకటించి 1279లో దక్షిణ చైనాను పూర్తిగా గెలిచేసరికే, రాజ్యం నాలుగు ముక్కలు. వాటిలో ఒకటైన చగతాయ్ రాజ్యపు సేనాని తర్ఘీ 1303లో ఢిల్లీని ముట్టడించాడు. అప్పటికి ఢిల్లీ సుల్తాన్ అలాఉద్దీన్ ఖిల్జీ సైన్యంలో కొంత భాగం వరంగల్లు మీద విఫల దండయాత్రలో చిక్కుకుని ఉంది. ఇరాన్‌లో హులాగు వంశీయులైన ఇల్ఖానుల పాలన 1335లో, చైనాలో యువాన్ పాలన 1368లో ముగిశాయి. తరవాతి మూడు శతాబ్దాల్లో మంగోలియా టిబెటన్ బౌద్ధాన్ని స్వీకరించి, 1691 నాటికి ఖల్ఖా నాయకులతో సహా మంచూ చక్రవర్తులకు లోబడింది.

రాజ్యం పోయినా రక్తపు హక్కు మిగిలింది. అంతటి విజేత తైమూర్ సైతం చెంఘిజ్ వంశీకుడు కానందున ఖాన్ బిరుదు పెట్టుకోలేక, ఆ వంశపు వారిని నామమాత్రపు ఖాన్‌లుగా నిలిపి, చెంఘిజ్ వంశపు పిల్లను పెళ్లాడి అల్లుడినని చెప్పుకున్నాడు. క్రిమియాలో జోచి సంతతికి చెందిన గిరాయ్ ఖాన్ల పాలన 1783లో రష్యా ఆ ప్రాంతాన్ని కలుపుకునేదాకా సాగింది.