నడుము విఱిగినవారి చికిత్సా చరిత్రము

మన భాషలో నడుము విఱుగుట యనగా బ్రతుకు చెడుట యని యర్థము. పంట పోయినవాడును, అప్పులపాలైనవాడును తన నడుము విఱిగినదనియే చెప్పుకొనును. ఒక జనసంఘము ఏ యాపదను సర్వనాశనమునకు పర్యాయపదముగా వాడుకొనునో, ఆ యాపదకు మందు లేదని యా సంఘము నమ్మియుండుననుట స్పష్టము. ఈ నమ్మకము మనకు మాత్రమే కలదని తలపరాదు. మూడువేల యేండ్లకు పైగా లోకమందలి వైద్యులలో పెక్కురు దీనినే నమ్మిరి. అది యెట్లు పుట్టెనో, యెట్లు సడలెనో, మన యిండ్లలో నేటికిని మిగిలినది యెంతయో విచారించుటయే యీ వ్యాసమునకు ప్రయోజనము.

మొదట స్థలమును తెలిసికొందము. వెన్నెముకయందు మెడలో 7, ఱొమ్మునకు వెనుక 12, నడుములో 5 పూసలు కలవు. నడుము పూసలలో క్రింది మూడింటిని గూర్చియే మేమిచట ముఖ్యముగా చెప్పదలచితిమి. ఇవి పైపూసలకంటె పెద్దవి. ఐదవది తుంటియెముకల నడుమ లోతుగా నిమిడి, బలమైన బంధనములచే కట్టబడియున్నది. కావున నివి తఱచుగా విఱుగవు. తాటిచెట్టుపైనుండి జారిన గీతకార్మికునకును, మేడపైనుండి పడిన కూలివానికిని, వాహనముల తాకిడిలో జిక్కినవానికిని విఱుగును. వృద్ధులలో ఎముక గుల్లవారినప్పుడు స్వల్పమైన పాటునకే పూసలు క్రుంగుటయు కలదు.

పెద్దవారిలో వెన్నుపాము మొదటి రెండు నడుముపూసల చెంతనే ముగియును. దాని క్రింద నుండునది విడివిడి నరముల కుచ్చు. గుఱ్ఱపుతోకను బోలియుండుటచే పాశ్చాత్యులు దాని కాపేరే పెట్టిరి. తెగిన వెన్నుపాము మరల నతుకుకొనదు. ఈ నరములో, నలిగినను కొంతవఱకు కోలుకొనగలవు. వానిని పొదివికొనియున్న యెముకల దారియు నచ్చట విశాలముగా నుండును. జనులు మిక్కిలి నిరాశ చెందు నీ చోటనే ప్రకృతి యెక్కువ యాశను నిలిపినది. అయినను కాళ్లను, మలమూత్రములను ఏలునవి యా నరములే గనుక అశ్రద్ధకు తావు లేదు.

ఇక చరిత్రము. 1862లో ఈజిప్టునందలి లక్సరు పట్టణమున ఎడ్విన్ స్మిత్తు అను అమెరికా దేశస్థుడొక పాపిరస్ చుట్టను కొనెను. 1930లో బ్రెస్టెడ్ పండితుడు దానిని ఆంగ్లములోనికి మార్చి ప్రకటించెను. క్రీ. పూ. 1600 ప్రాంతమున వ్రాయబడిన యా ప్రతికి మూలము మఱింత ప్రాచీనమని పండితుల యభిప్రాయము. అందు 48 గాయములు తలనుండి క్రిందికి వరుసగా విచారింపబడినవి. చాలవఱకు వైద్యుడు మూడు తీర్పులలో నొకటి చెప్పును: చికిత్స చేయుదునని, పోరాడి చూతునని, చికిత్సకు లొంగదని. మెడపూస తొలగి కాలుసేతులు పడిపోయినవానికి మూడవ తీర్పే దక్కినది. కట్టకడపటిదగు 48వ గాయము వెన్నుపూస బెణుకు. రోగిని కాళ్లు చాపుమనవలెను. నొప్పిచే నతడు వెంటనే ముడుచుకొనును. ఇది చికిత్సకు లొంగునది. వానిని వెల్లకిల పరుండబెట్టవలెను. ఇంతవఱకు వ్రాసి, వాక్యము ముగియకమునుపే లేఖకుడు చేయి నిలిపెను. తరువాతి సంగతి మనకు దక్కలేదు.

గ్రీకులలో కొందఱు వైద్యులు రోగిని నిచ్చెనకు కట్టి, పైకెత్తి, నేలమీదికి కుదుపుచుండిరి. హిప్పోక్రటీసు పేర వెలసిన కీళ్ల గ్రంథము ఈ పద్ధతిని వర్ణించుచునే, ఇది మూగిన జనమును అబ్బురపఱచుటకు చేయు పనియని యేవగించుకొన్నది. దానికి మాఱుగా రోగిని బల్లపై బోరగిల పరుండబెట్టి, రెండువైపుల లాగుచు వీపును నొక్కు విధానమును చెప్పినది. వైద్యుడు తన కీర్తికై కాక రోగి మేలుకొఱకు పనిచేయవలెనను మాట యీ విషయమున నంత ప్రాచీనము.

మన సుశ్రుతసంహితలో రెండు మాటలు కలవు. నిదానస్థానము వీపునందలి భగ్నమును వర్జింపదగినవానిలో చేర్చినది. చికిత్సాస్థానములోని భగ్నచికిత్సాధ్యాయమో, కపాటశయనమను పడకను విధించి, తొడ పిక్కలు విఱిగినవారికే కాక, తుంటియు వెన్నును దెబ్బతిన్నవారికిని దానినే వాడుమన్నది. కపాటమనగా తలుపు. పలకపై రోగిని పరుండబెట్టి, కదలకుండునట్లు మేకులు నాటి కట్టుటయే యీ విధి. నిరాశయు, ప్రయత్నమును ఒకే గ్రంథమున ప్రక్కప్రక్కనే నిలిచినవి. దురదృష్టవశమున మనము మొదటి మాటను పట్టుకొని రెండవదానిని మఱచితిమి.

తరువాత చాలకాలము చెప్పుకొనదగిన మార్పు లేదు. 7వ శతాబ్దియందు ఈజినా ద్వీపపు పౌలుడు లోన గ్రుచ్చుకొను నెముకను కోసి తీయవచ్చుననెను. 1814లో లండనులో హెన్రీ క్లైన్ అట్టి శస్త్రచికిత్స చేయగా రోగి బ్రతుకలేదు. ఆస్ట్లీ కూపరు దానిని సమర్థింపగా చార్లెస్ బెల్ ఖండించెను. 1895లో రంట్జెన్ కనుగొనిన కిరణములవలన విఱుగుడు కంటికి కనబడెను. 1925లో వియన్నాలో ప్రమాదరోగుల వైద్యశాలను నెలకొల్పిన బోలరును, ఆంగ్లేయుడగు వాట్సన్ జోన్సును, నడుమును వెనుకకు వంచి పూసను సరిచేసి, పిండికట్టు తొడిగి, వ్యాయామము చేయించు పద్ధతిని వ్యాపింపజేసిరి.

అయినను నరములు దెబ్బతిన్నవారి గతి మాఱలేదు. మొదటి మహాయుద్ధమున వెన్ను విఱిగి కాళ్లు పడిపోయిన సైనికులలో అధికసంఖ్యాకులు కొలదికాలములోనే మరణించిరి. వారిని చంపినది విఱిగిన పూస కాదు, పక్కపుండ్లును మూత్రదోషమును. ఈ సత్యమును ఆచరణలో పెట్టినవారిలో అగ్రగణ్యుడు లుడ్విగ్ గుట్‌మన్. యూదుడగుటచే 1939లో జర్మనీ విడిచి ఇంగ్లండు చేరిన యీ వైద్యుడు 1944లో స్టోక్ మాండెవిల్ ఆసుపత్రిలో వెన్నుదెబ్బల విభాగమునకు పెద్దయయ్యెను. స్పర్శ లేని చర్మముపై పిండికట్టు పుండు చేయునని దానిని విడిచి, దిండ్లతో నడుము వంపును నిలిపెను. రేయింబవళ్లు రెండేసి గంటల కొకమాఱు రోగులను ప్రక్కలు త్రిప్పించెను. మూత్రమును శుచిగా తీయు పద్ధతి నేర్పెను. 1948 జూలై 29న, లండను ఒలింపిక్కులు ప్రారంభమైన దినముననే, చక్రాల కుర్చీలలోని 16 మందిచేత విలువిద్యాపోటీ జరిపించెను. నేటి పారాలింపిక్కులకు మూలమదియే. ఈ మార్పును తెచ్చినది ప్రధానముగా కత్తి కాదు, గడియారము చూచి ప్రక్క త్రిప్పిన చేతులు.

లోహసాధనములు పిదప వచ్చినవి. 1960 ప్రాంతమున అమెరికాలో హారింగ్టను వంకరవెన్నులకై చేసిన కడ్డీలను విఱిగిన వెన్నులకును వాడిరి. అవి పైపూసల కుపకరించినను క్రింది నడుమున కీడు చేసెను. నడుము సహజముగా లోనికి వంపు తిరిగియుండును. రెండుకొనలను ఎడముగా నెట్టు కడ్డీ యా వంపును చదును చేయగా, రోగి ముందుకు వ్రాలి నడువవలసివచ్చెను. పారిసులో రాయ్ కామీ 1963 నుండి పూసల వెనుక నుండు కాడలలోనికి మరలు బిగించు పద్ధతిని వృద్ధిచేసెను. దానివలన వంపు చెడకుండ రెండుమూడు పూసలను మాత్రమే బంధించుట సాధ్యమయ్యెను.

అంత మాత్రముచే విఱిగిన ప్రతి నడుమును కోయవలెనని కాదు. నరములు చెడక, బంధనములు తెగక యున్నవారికి శస్త్రచికిత్స చేసినను చేయకున్నను తుదిఫలమున పెద్ద భేదము లేదని 2003లో ప్రకటింపబడిన యొక పరీక్ష తెలిపెను. క్రింది పూసల విషయమున పలువురు వైద్యులు నేడీ మార్గమునే అనుసరింతురు. ఐదవ పూసను కవచముతో కదలకుండ చేయుట కష్టము. అందుకొఱకు ఒక తొడను గూడ చేర్చి కట్టుదురు. పూస నిలువక జారుచున్నను, నరములు నలుగుచున్నను కత్తి యవసరము. తొడల నడుమ తిమ్మిరి యెక్కుట, మూత్రము బిగిసిపోవుట, పాదము వ్రాలుట అట్టి సూచనలు. వీనిని చూచినపిమ్మట ఒక దినమైనను జాగు చేయరాదు.

దక్షిణదేశమున కొక నిదర్శనము చాలును. వేలూరు క్రైస్తవ వైద్యకళాశాలకు చెందిన మేరీ వర్గీసు 1954లో మోటారు ప్రమాదమున వెన్ను దెబ్బతిని, నడుము క్రింద చచ్చుబడెను. ఆమె చక్రాల కుర్చీలో కూర్చుండి కుష్ఠరోగుల చేతులకు శస్త్రచికిత్సలు చేసెను. ఆమె కృషివలన 1966లో వేలూరులో అట్టి రోగులకు పునరావాసశాల వెలసెను. ఆంధ్ర తెలంగాణముల సరిహద్దులు దాటి వేలూరికి పోవు మన రోగులెందఱో!

ఇక మన పని యేమి? పడినవానిని చంకలక్రింద చేతులుంచి లేపి కూర్చుండబెట్టుట, ఇద్దఱు కాళ్లుచేతులు పట్టి మోయుట, ఆటోలో ముడిచి కూర్చుండబెట్టుట మన యూళ్లలో నేటికిని చూచుచున్నాము. 108 బండి వచ్చువఱకు కదపకుండుటయే మేలు. కదపక తప్పనిచో తలయు మొండెమును కాళ్లును ఒకే వరుసలో నుండునట్లు నలుగురు కలిసి దొరలించి పలకపై చేర్చవలెను. మన యింటి తలుపు చాలును, సుశ్రుతుని కపాటమదియే. పిదప, వైద్యశాలనుండి వచ్చినవానిని కర్మఫలమని మూల మంచమున పడవేయక, గంటలు లెక్కించి ప్రక్క త్రిప్పుట ఇంటివారి ధర్మము. ఈ సేవ ఇల్లాలిపైననే పడకుండ మగవారును వంతులు పంచుకొనవలెను. మూడవ తీర్పు చెప్పు హక్కు మన కెవ్వరును ఈయలేదు.